మాలిబ్డినైటా, గ్రాఫైటా? మెరిసే బూడిద రంగు రాయిని ఇంట్లోనే తేల్చుకునే పద్ధతి

హైదరాబాద్‌లో ఎక్కడ సెల్లార్ తవ్వినా, ఎక్కడ బోరు వేసినా తగిలేది గ్రానైటే. బయటపడ్డ రాళ్లలో తళుక్కుమనే పొరలు చూసి, ఫొటో తీసి వాట్సాప్‌లో పెట్టి "ఇది వెండా అండీ?" అని అడిగేవాళ్లు మనకు కొత్త కాదు. చాలావరకు అది నల్ల అభ్రకమే, మనం కాకిబంగారం అనేదే. అయితే ఎప్పుడో ఒకసారి ఎవరి చేతికో నిజంగా ఆలోచింపజేసే ముక్క వస్తుంది. సీసం రంగులో లోహంలా మెరుస్తుంది, గోటితో గీస్తే గీత పడుతుంది, పట్టుకుంటే వేళ్లకు మసి అంటుతుంది, తాకితే జిడ్డుగా జారుతుంది. అది గ్రాఫైట్ కావచ్చు. మాలిబ్డినైట్ అనే గంధక ఖనిజమూ కావచ్చు.

ఫొటో చూసి ఈ రెండింటినీ విడదీయడం అనుభవం ఉన్న భూగర్భ శాస్త్రవేత్తలకు కూడా కష్టమే. చేతిలోకి తీసుకుని వంచాలి, గీయాలి, తూచాలి. నా మటుకు నేను కంటికంటే త్రాసునే ఎక్కువ నమ్ముతాను. ఎందుకో కింద చెబుతాను. ఈ పరీక్షలన్నీ ఒక సాయంత్రంలో, డైనింగ్ టేబుల్ మీదే అయిపోతాయి.

ముందు ఈ ఖనిజం సంగతి

మాలిబ్డినం అనే లోహం గంధకంతో కలిస్తే మాలిబ్డినైట్. ఒక్కో మాలిబ్డినం పరమాణువుకు రెండు గంధకం పరమాణువులు. బరువు లెక్కన 60 శాతం మాలిబ్డినం, 40 శాతం గంధకం. భూమి పైపొరలో ఈ లోహం పది లక్షల భాగాల్లో ఒకటి, ఒకటిన్నర భాగం మాత్రమే ఉంటుంది. ప్రపంచం వాడుకునే మాలిబ్డినం దాదాపు అంతా ఈ ఒక్క ఖనిజం నుంచే వస్తుంది.

దీని గుణాలన్నీ లోపలి అమరికలోనే ఉన్నాయి. మాలిబ్డినం పరమాణువుల వరుసకు పైన ఒకటి, కింద ఒకటి గంధకం వరుసలు ఉంటాయి. ఈ మూడూ కలిస్తే ఒక పొర. పొర లోపల పట్టు చాలా గట్టిది, పొరకూ పొరకూ మధ్య మాత్రం పట్టు అంతంతమాత్రమే. పేకముక్కల కట్టను నొక్కితే ముక్కలు జారినట్టు ఈ పొరలు జారిపోతాయి. మెత్తదనం, జిడ్డుతనం, కాగితం మీద గీత పడటం, రేకులుగా విడిపోవడం, అన్నింటికీ కారణం ఇదే. గ్రాఫైట్‌లో ఉన్నది గంధకమూ కాదు, లోహమూ కాదు, వట్టి కార్బన్. కానీ దాని కట్టుబడి కూడా ఇలాగే పొరలు పొరలుగా ఉంటుంది. అందుకే పదార్థాలు వేరైనా రూపం ఒకటే.

ఈ గందరగోళం మనతో మొదలైంది కాదు. 18వ శతాబ్దం దాకా యూరప్‌లో గ్రాఫైట్‌నూ మాలిబ్డినైట్‌నూ ఒకే వస్తువుగా చూశారు, ఒక్కోసారి సీసపు ఖనిజం గలేనాను కూడా వాటితో కలిపేశారు. 1778లో స్వీడన్ రసాయన శాస్త్రవేత్త కార్ల్ విల్‌హెల్మ్ షీలే నైట్రిక్ ఆమ్లంతో పరీక్షించి, మాలిబ్డినైట్ నుంచి తెల్లటి పొడి వస్తుందనీ, గ్రాఫైట్ నుంచి రాదనీ చూపించాడు. ఆ పొడి నుంచి 1781లో పీటర్ యాకబ్ యెల్మ్ లోహాన్ని వేరు చేశాడు.

ఇప్పుడు ఈ లోహం ఎక్కువగా ఉక్కులోకి పోతుంది. 316 రకం స్టెయిన్‌లెస్ స్టీల్‌లో 2 నుంచి 3 శాతం మాలిబ్డినం ఉంటుంది, ఉప్పునీటికి ఆ ఉక్కు తట్టుకునేది దానివల్లే. మన కంచన్‌బాగ్‌లోని ప్రత్యేక లోహాల కర్మాగారం మిధాని తయారు చేసే మారేజింగ్ స్టీల్ అనే అతి దృఢమైన ఉక్కులోనూ ఇది ఉంటుంది. ఆ ఉక్కులో బాగా వాడుకలో ఉన్న రకంలో నికెల్ 18 శాతమైతే మాలిబ్డినం సుమారు 5 శాతం. ఇక లోహం తీయకుండా ఖనిజాన్నే పొడి చేసి గ్రీజులో కలిపితే మెకానిక్ షెడ్లలో కనిపించే మోలీ గ్రీజు. గ్రాఫైట్ కూడా కందెనే కదా అంటారేమో. గ్రాఫైట్ బాగా జారాలంటే గాలిలో కాస్త తేమ ఉండాలి. మాలిబ్డినైట్‌కు ఆ అవసరం లేదు, గాలే లేని చోట కూడా జారుతుంది. ఉపగ్రహాల్లో కదిలే భాగాలకు దీన్ని పూసేది అందుకే.

మొదటి మెట్టు: రాయి ఎక్కడిది?

పరీక్షల కంటే ముందు అడగాల్సిన ప్రశ్న ఇది. ఊరు తెలిస్తే సరిపోదు, ఏ రాతిలోంచి ఊడివచ్చిందో తెలియాలి.

మాలిబ్డినైట్ గ్రానైట్ కుటుంబపు ఖనిజం. భూమి లోపల గ్రానైట్ ద్రవం చల్లబడి గట్టిపడేటప్పుడు చివర్లో మిగిలే వేడి నీళ్లు, ఆవిర్లు పగుళ్లలోకి చొరబడతాయి. అవి పలుగురాయి చారలుగా, పెద్ద పెద్ద స్ఫటికాల పెగ్మటైట్ చారలుగా గడ్డకడతాయి. ఆ చారల్లో, వాటి అంచుల్లో మాలిబ్డినైట్ రేకులు గుత్తులుగా, ఒక్కోసారి గులాబీ పువ్వు ఆకారంలో కూర్చుంటాయి. గ్రానైట్ వెళ్లి సున్నపురాయిని తాకిన చోట కూడా రావచ్చు, అక్కడ టంగ్‌స్టన్ ఖనిజం షీలైట్ తోడుంటుంది. ప్రపంచంలో పెద్ద నిల్వలు మాత్రం పార్ఫిరీ అనే రకం శిలల్లో ఉన్నాయి. అమెరికాలోని కొలరాడోలో క్లైమాక్స్, హెండర్సన్ గనులు కేవలం మాలిబ్డినం కోసమే తవ్వినవి. చిలీలో చుకికమాటా, ఎల్ టెనియెంటే లాంటి రాగి గనుల్లో ఇది ఉప ఉత్పత్తి. ఈరోజు ఉత్పత్తిలో ముందున్నది చైనా.

మన దేశంలో మధ్యప్రదేశ్‌లోని మలంజ్‌ఖండ్ రాగి నిక్షేపంలో మాలిబ్డినైట్ ఉంది. తమిళనాడులో ధర్మపురి వైపు హరూర్ ప్రాంతంలోనూ పలుగురాయి చారల్లో ఉంది.

గ్రాఫైట్ పుట్టుక వేరు. ఒకప్పటి బురద, అందులోని సేంద్రియ పదార్థం భూమి లోపల వేడికీ ఒత్తిడికీ మారిపోతే గ్రాఫైట్ వస్తుంది. శ్రీకాకుళం నుంచి గోదావరి జిల్లాల దాకా తూర్పు కనుమల్లో కనిపించే ఖోండలైట్ శిలలు దీనికి నిలయం, ఖమ్మం వైపు కూడా ఉంది. కాబట్టి ఎర్రటి గోమేదకపు గింజలు పొదిగినట్టున్న ఖోండలైట్‌లో బూడిద రంగు రేకు కనిపిస్తే ముందు గ్రాఫైటే అనుకోండి. పలుగురాయి చారలో, గ్రానైట్‌ను చీల్చుకుంటూ పోయిన చోట కనిపిస్తే మాలిబ్డినైట్ అనే అనుమానానికి అర్థముంది.

హైదరాబాద్ గ్రానైట్లు సుమారు 250 కోట్ల ఏళ్ల నాటివి. గులాబీ రంగు ఫెల్డ్‌స్పార్ ముక్కలు పెద్దవిగా కనిపించే పెగ్మటైట్ చారలు ఇక్కడ బోలెడు. ఖనిజం ఉండటానికి తగిన రాయే, కానీ తగిన రాయి ఉన్నంత మాత్రాన ఖనిజం ఉంటుందని కాదు. ఆశ తక్కువ పెట్టుకుని వెతకండి. అలాగే క్వారీలోకి, కట్టడం జరుగుతున్న స్థలంలోకి అనుమతి లేకుండా పోవద్దు, బ్లాస్టింగ్ ఎప్పుడు పెడతారో మీకు తెలియదు. నగరంలో పేర్చినట్టు నిలిచిన రాతి గుట్టల జోలికి సుత్తితో అస్సలు పోవద్దు. వాటిని కాపాడటానికే ఇక్కడ 1996 నుంచి ఒక సంస్థ పని చేస్తోంది, కొన్ని గుట్టలు వారసత్వ జాబితాలో కూడా ఉన్నాయి. లారీ నుంచి జారిపడ్డ ముక్కలు, తవ్విపోసిన కుప్పలు చాలు.

రెండో మెట్టు: కావాల్సిన సామాను

పది రెట్లు పెద్దగా చూపించే లెన్స్, ఒక అయస్కాంతం, గుండుసూది, 6బి పెన్సిల్. పింగాణీ టీ కప్పు, సాసర్ (తెల్లవి, పాతవైనా పర్లేదు). 0.01 గ్రాము దాకా చూపించే చిన్న డిజిటల్ త్రాసు, నగలు తూచడానికంటూ ఆన్‌లైన్‌లో తక్కువ ధరకే అమ్ముతారు. సన్నటి నైలాన్ దారం, తేలికపాటి ప్లాస్టిక్ కప్పు, గిన్నెలు తోమే లిక్విడ్ సబ్బు ఒక చుక్క. మల్టీమీటర్ ఉంటే మంచిది. కోఠీ గుజరాతీ గల్లీలో మామూలు రకం దొరుకుతుంది, ఈ పనికి అది చాలు.

మూడో మెట్టు: కానివాటిని పక్కన పెట్టడం

ముందు అయస్కాంతం దగ్గరకు తీసుకెళ్లండి. మాలిబ్డినైట్‌నూ గ్రాఫైట్‌నూ అయస్కాంతం లాగదు. గట్టిగా అతుక్కుంటే అది మాగ్నెటైట్ అనే ఇనుప ఖనిజం. బోరు పొడిలోంచి ఏరిన ముక్క అయితే ఇంకో సంగతి: డ్రిల్ బిట్ నుంచి రాలిన ఉక్కు తునకలు అచ్చం ఖనిజంలాగే మెరుస్తాయి. అయస్కాంతం వాటిని వెంటనే పట్టేస్తుంది.

తర్వాత గోరు. మాలిబ్డినైట్ కాఠిన్యం మోస్ కొలమానంలో 1 నుంచి 1.5, గ్రాఫైట్ 1 నుంచి 2, మన గోరు సుమారు 2.5. గోటికి గీత పడకపోతే రెండూ కావు. అద్దంలా మెరిసే హెమటైట్ అనే ఇనుప ఖనిజం ఇక్కడే తప్పుకుంటుంది, గీస్తే దాని గీత ఎర్రగా వస్తుంది. గలేనా గోటికి దాదాపు సమానం, కానీ చిన్న చిన్న ఘనాలుగా, మెట్లు మెట్లుగా విరుగుతుంది, చేతిలో పెట్టుకుంటే ఇంత బరువేంటి అనిపిస్తుంది. పల్నాడులో అగ్నిగుండాల వైపు నుంచి వచ్చిన ముక్క అయితే గలేనాను ముందుగానే అనుమానించండి, అక్కడ సీసపు ఖనిజానికి గని ఉండేది.

ఇక అభ్రకం. దీన్ని తప్పించడానికి గుండుసూదితో ఒక పలచటి రేకు లేపి, లెన్స్ కింద మెల్లగా వంచి వదిలేయండి. అభ్రకం రేకు స్ప్రింగులా వెనక్కి లేస్తుంది. మాలిబ్డినైట్, గ్రాఫైట్ రేకులు వంగిన చోటే వంగి ఉండిపోతాయి. నగరంలో దొరికే మెరుపు రాళ్లలో చాలా భాగం ఈ ఒక్క పరీక్షతోనే తేలిపోతాయి. రేకు పైకి లేచిందంటే ఇక మిగతా మెట్లు ఎక్కే పనే లేదు.

రేకు అంచులు కూడా చూడండి. మాలిబ్డినైట్ రేకు ఆరు భుజాల పలకలా ఉండే అవకాశం ఎక్కువ. గ్రాఫైట్ స్ఫటికం కూడా ఆరు భుజాలదే కాబట్టి దీన్ని బట్టి తీర్పు ఇవ్వొద్దు. రంగులో మాలిబ్డినైట్‌కు లేత నీలి ఛాయ ఉంటుంది. గ్రాఫైట్ ఇంకాస్త నల్లగా, మెరుపు తక్కువగా ఉంటుంది. పక్కపక్కన పెడితే తెలుస్తుంది, విడిగా చూస్తే మనసు ఏది కోరుకుంటే అదే కనిపిస్తుంది.

నాలుగో మెట్టు: గీటు పరీక్ష

కంసాలి బంగారాన్ని గీటురాయి మీద గీస్తాడు. మనకు పింగాణీ చాలు. టీ కప్పును బోర్లిస్తే అడుగున ఒక గరుకు వలయం కనిపిస్తుంది, అక్కడ పైపూత ఉండదు. దాని మీద ముక్కను ఒత్తి ఒక సెంటీమీటర్ గీత గీయండి. పక్కనే 6బి పెన్సిల్‌తో ఇంకో గీత. పెన్సిల్ ముల్లు అంటే బంకమట్టి కలిపిన గ్రాఫైటే కాబట్టి పోల్చుకోవడానికి అంతకన్నా మంచిది లేదు. మాలిబ్డినైట్ గీత నీలి ఛాయతో బూడిద రంగులో ఉంటుంది, గ్రాఫైట్ గీత నల్లబూడిద.

ఇప్పుడు సాసర్ నున్నటి వైపు తిప్పి, ఆ పైపూత మీద గీయండి. అసలు తేడా ఇక్కడ బయటపడుతుంది. నున్నటి పింగాణీ మీద మాలిబ్డినైట్ గీత ఆకుపచ్చ ఛాయకు తిరుగుతుంది. గ్రాఫైట్ గీత ఎక్కడ గీసినా బూడిద రంగే. పుస్తకాల్లో "ఆకుపచ్చ" అని చదివి తమలపాకు రంగు కోసం వెతికితే ఎప్పటికీ కనపడదు. బూడిద రంగులో పచ్చదనం కొంచెం కలిసినట్టు ఉంటుంది, అంతే. అందుకని ఈ పని పగలు, కిటికీ దగ్గర చేయండి. రాత్రిపూట పసుపు ఎల్‌ఈడీ బల్బు కింద బూడిద రంగు గీతలన్నీ కాస్త పచ్చగానే కనిపిస్తాయి. గీత పలచగా ఉన్నప్పుడు రంగు బాగా తెలుస్తుంది. మందంగా రుద్దితే లోహపు మెరుపు వచ్చి రంగును మింగేస్తుంది. అప్పుడు గీత మీద వేలితో ఒకసారి రుద్ది, మిగిలిన మరక చూడండి.

అయిదో మెట్టు: నీళ్లలో తూకం

రంగు మీద ఇద్దరు వాదించుకోవచ్చు, బరువు మీద కుదరదు. మాలిబ్డినైట్ సాంద్రత నీటికి 4.6 నుంచి 4.7 రెట్లు. గ్రాఫైట్‌ది సుమారు 2.2 రెట్లు. రెట్టింపుకు పైనే తేడా ఉంది కాబట్టి, తూకంలో కాస్త అటూ ఇటూ అయినా తీర్పు తారుమారు కాదు. నేను త్రాసును నమ్మేది ఇందుకే.

ఫ్యాన్ ఆపేయండి. గాలి తగిలితే 0.01 గ్రాము త్రాసు అంకెలు ఆగవు. పొడి రాయిని తూచి బరువు రాసుకోండి. ప్లాస్టిక్ కప్పులో రాయి మునిగేంత నీళ్లు పోసి, ఒక చుక్క లిక్విడ్ సబ్బు కలిపి, కప్పును త్రాసు మీద పెట్టి అంకెను సున్నా చేయండి. చాలా చిన్న త్రాసులు 200 గ్రాములకు మించి మోయవు, అందుకే గాజు గ్లాసు కాకుండా తేలిక కప్పు వాడమన్నది. రాయికి దారం కట్టి, చేత్తో వేలాడదీస్తూ పూర్తిగా నీళ్లలో ముంచండి. అడుగుకు గానీ అంచుకు గానీ తగలకూడదు. తగిలితే రాయి బరువు కూడా త్రాసు మీద పడి లెక్క పాడవుతుంది. ఇప్పుడు త్రాసు చూపించే అంకె, రాయి పక్కకు నెట్టిన నీటి బరువు. పొడి బరువును ఈ అంకెతో భాగిస్తే సాంద్రత వస్తుంది.

ఉదాహరణకు పొడి బరువు 23.60 గ్రాములు, నీళ్లలో ముంచినప్పుడు అంకె 5.06 అనుకోండి. 23.60ని 5.06తో భాగిస్తే 4.66. అది మాలిబ్డినైట్. అదే బరువున్న గ్రాఫైట్ ముక్క అయితే త్రాసు 10.7కు దగ్గరగా చూపించేది.

సబ్బు చుక్క ఎందుకంటే, ఈ రెండు ఖనిజాలకూ నీళ్లంటే పడదు. నీరు వాటికి అంటుకోదు, గాలి బుడగలు మాత్రం గట్టిగా పట్టుకుంటాయి. గనుల్లో రాయిని పొడి చేసి నీళ్లలో కలిపి, కాస్త నూనె వేసి గాలి ఊదితే మాలిబ్డినైట్ నురగతో పాటు పైకి తేలి వచ్చేది ఈ గుణం వల్లే. కానీ మన కప్పులో అదే గుణం ఇబ్బంది పెడుతుంది. రాయికి బుడగలు అంటుకుంటే నెట్టిన నీరు ఎక్కువగా కనిపించి సాంద్రత తగ్గిపోతుంది, మాలిబ్డినైట్ కాస్తా గ్రాఫైట్ వైపు జరుగుతుంది. రాయిని ముందే ఓ పది నిమిషాలు సబ్బునీళ్లలో నానబెట్టి, మెత్తటి బ్రష్‌తో బుడగలు తుడిచి అప్పుడు తూచండి. పొడి బరువు మాత్రం నానబెట్టక ముందే తీసుకోవాలి.

ముక్క 5 గ్రాములకు తగ్గకుండా ఉంటే మేలు. ఒక గ్రాము మాలిబ్డినైట్ నెట్టే నీరు 0.21 గ్రాము మాత్రమే, త్రాసు 0.02 తప్పు చూపినా అది పదో వంతు తేడా.

ఇక్కడ అసలు చిక్కు ఒకటి ఉంది. మన చేతికి వచ్చేది శుద్ధమైన ఖనిజం కాదు, పలుగురాయిలో పొదిగిన రేకులు. అప్పుడు వచ్చే సాంద్రత మిశ్రమానిది. అలా అని పరీక్ష వృథా కాదు. పలుగురాయి సాంద్రత 2.65. గ్రాఫైట్ దానికంటే తేలిక, మాలిబ్డినైట్ దానికంటే చాలా బరువు. కాబట్టి పలుగురాయి, బూడిద రేకులు ఈ రెండే ఉన్న ముక్కలో లెక్క 2.65 కంటే స్పష్టంగా పైకి వస్తే ఆ రేకులు గ్రాఫైట్ అయ్యే వీలే లేదు. గ్రాఫైట్ ఎంత కలిసినా సాంద్రతను కిందికే లాగుతుంది.

పొడి బరువు 41.30, నీళ్లలో అంకె 14.20 అనుకుందాం. సాంద్రత 2.91. పలుగురాయి కంటే 0.26 ఎక్కువ. పలుగురాయికీ మాలిబ్డినైట్‌కూ మధ్య తేడా సుమారు 2.05. 0.26ను 2.05తో భాగిస్తే 0.127, అంటే ముక్క ఘనపరిమాణంలో ఎనిమిదో వంతు మాలిబ్డినైట్. బరువులో అయితే అయిదో వంతు. లెన్స్‌తో చూస్తే రేకులు నిజంగా అంత మేర కనిపిస్తున్నాయా? కనిపిస్తే లెక్క కుదిరినట్టే. రాయిలో రేకులు నాలుగైదే ఉండి సాంద్రత మాత్రం 3 దాటితే, లోపల ఇంకేదో బరువైనది దాక్కుని ఉంది.

ఆ ఇంకేదో చాలాసార్లు పైరైట్ అనే ఇనుము, గంధకాల ఖనిజం అవుతుంది (సాంద్రత 5), ఇత్తడి రంగు చుక్కలు కనిపిస్తాయి. ఖోండలైట్ ముక్కల్లో అయితే ఈ పరీక్ష మోసం చేస్తుంది. ఆ రాయిలో ఉండే గోమేదకం, సిల్లిమనైట్ అనే ఖనిజాలు రెండూ పలుగురాయి కంటే బరువైనవి కాబట్టి, శుద్ధ గ్రాఫైట్ రేకులున్న ఖోండలైట్ కూడా 2.9, 3 చూపించగలదు. అలాంటప్పుడు రేకులను మాత్రమే ఒలిచి తూచాలి, లేదా గీటు పరీక్షకే పరిమితం కావాలి.

ఆరో మెట్టు: మల్టీమీటర్

ఒకే రేకు మీద రెండు ముల్లులనూ అర సెంటీమీటర్ దూరంలో ఆనించండి. గ్రాఫైట్ విద్యుత్తును బాగా పారనిస్తుంది, కొన్ని ఓమ్‌లు, పదుల ఓమ్‌లు చూపిస్తుంది. మాలిబ్డినైట్ అర్ధవాహకం, అంకె వేలల్లో, అంతకంటే పైన ఉంటుంది. మధ్యలో పలుగురాయి అడ్డం వస్తే ఏమీ చూపించదు, అది ఖనిజం తప్పు కాదు. దీన్ని సాక్ష్యంగా వాడుకోండి, తీర్పుగా వద్దు.

స్టవ్ మీద పెట్టొద్దు

కాలిస్తే తేలిపోతుంది కదా అని సలహా ఇచ్చేవాళ్లు ఉంటారు. నిజమే, గాలిలో బాగా వేడి చేస్తే మాలిబ్డినైట్‌లోని గంధకం సల్ఫర్ డయాక్సైడ్‌గా పోయి, మాలిబ్డినం ఆక్సైడ్ మిగులుతుంది. కానీ ఆ వాయువు గొంతు, ఊపిరితిత్తులను మండిస్తుంది, ఆస్తమా ఉన్నవాళ్లకు ఇంకా ప్రమాదం. రాయిలో ఆర్సెనిక్ ఖనిజం ఏదైనా కలిసి ఉంటే పరిస్థితి మరీ దారుణం. షీలే వాడిన నైట్రిక్ ఆమ్లం కూడా వంటింటి వస్తువు కాదు.

పసుపు పట్టు గురించి

రాయి బయట చాలాకాలం ఎండావానల్లో ఉంటే మాలిబ్డినైట్ అంచుల వెంట నిమ్మపండు రంగు పొడి పట్టి ఉండవచ్చు. ఇనుముతో కలిసి మారిపోయిన రూపం అది, ఫెర్రిమాలిబ్డైట్ అంటారు. అనుభవం ఉన్నవాళ్లు కొండ మీద ముందు ఈ పసుపునే వెతుకుతారు, ఎందుకంటే మెత్తటి రేకులు పైనుంచి ఎప్పుడో రాలిపోయి ఉంటాయి. గ్రాఫైట్ పక్కన ఈ పసుపు రాదు.

అయితే ఇనుప తుప్పు కూడా పసుపే, కాస్త గోధుమ రంగు వైపు ఉంటుంది. కొన్ని యురేనియం ఖనిజాలూ నిగనిగలాడే పసుపే, పైగా యురేనియం, మాలిబ్డినం ఒకే చోట ఉండటం వింతేమీ కాదు. జార్ఖండ్‌లోని జాదుగూడ యురేనియం ఖనిజంలో మాలిబ్డినం కూడా ఉంది. కాబట్టి పసుపు పొడి ఉన్న ముక్కను నాలుకతో తాకొద్దు, ఊదొద్దు, పిల్లల గదిలో పెట్టొద్దు. పట్టుకున్న తర్వాత చేతులు కడుక్కోండి. అనుమానం బలంగా ఉంటే అణు ఖనిజాల డైరెక్టరేట్ ప్రధాన కార్యాలయం మన బేగంపేటలోనే ఉంది.

ప్రయోగశాలకు వెళితే ఏం అడగాలి

ఇంట్లో పరీక్షలన్నీ ఒకే వైపు చూపిస్తే, నిర్ధారణ కోసం చిన్న తునక చాలు. ఉస్మానియా వర్సిటీ భూగర్భశాస్త్ర విభాగం, గచ్చిబౌలిలోని యూనివర్సిటీ ఆఫ్ హైదరాబాద్, ఉప్పల్ రోడ్డులోని ఎన్‌జీఆర్‌ఐ (జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ), బండ్లగూడలోని జీఎస్‌ఐ (భారత భూగర్భ సర్వేక్షణ సంస్థ), ఇంతమంది భూగర్భ నిపుణులు ఒకే ఊళ్లో ఉండటం మన అదృష్టం. బయటివాళ్ల నమూనాలు తీసుకుంటారో లేదో ముందే ఫోన్ చేసి అడగండి. వెళ్లేటప్పుడు మీ తూకం లెక్కలు కాగితం మీద రాసి పట్టుకెళితే మీ మాటకు విలువ పెరుగుతుంది.

ఎక్స్‌రే డిఫ్రాక్షన్ (ఎక్స్‌రేతో పరమాణువుల పొరల మధ్య దూరం కొలిచే పరీక్ష) చేస్తే మాలిబ్డినైట్‌కు 6.15 ఆంగ్‌స్ట్రామ్‌ల దగ్గర, రాగి ఎక్స్‌రే వాడితే సుమారు 14.4 డిగ్రీల కోణం దగ్గర పెద్ద శిఖరం వస్తుంది. గ్రాఫైట్ ప్రధాన శిఖరం 26.5 డిగ్రీల దగ్గర, సరిగ్గా పలుగురాయి ప్రధాన శిఖరం పక్కనే. పలుగురాయి ఎక్కువగా ఉన్న తునకలో గ్రాఫైట్ శిఖరం దానిలో కలిసిపోతుంది. అందువల్ల పలుగురాయిని వీలైనంత ఏరేసి రేకులనే ఇవ్వండి.

ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్‌తో మూలకాలు చూస్తామంటే ఇంకో మెలిక. తక్కువ శక్తి దగ్గర మాలిబ్డినం ఇచ్చే ఎక్స్‌రే, గంధకం ఇచ్చే ఎక్స్‌రే రెండూ దాదాపు ఒకే చోట, 2.3 కిలో ఎలక్ట్రాన్ వోల్టుల దగ్గర పడతాయి. యంత్రం ఒకదాన్ని ఇంకొకటిగా చదివేస్తుంది, మీ చేతికి "గంధకం మాత్రమే" అని రిపోర్టు వచ్చే ప్రమాదం ఉంది. 17.5 దగ్గర ఉండే మాలిబ్డినం రెండో గీతను చూడాలంటే యంత్రాన్ని 25 కిలోవోల్టులకో, ఆపైకో పెట్టి నడపమని అడగాలి. రామన్ పరీక్ష (లేజర్ కాంతి వేసి చూసేది) దొరికితే అన్నింటికంటే సులువు: మాలిబ్డినైట్‌కు 383, 408 దగ్గర జంట శిఖరాలు, గ్రాఫైట్‌కు 1580 దగ్గర ఒకటి. నిమిషాల పని, తునక పాడవదు.

మాలిబ్డినైట్ అని తేలితే?

లక్షలు వస్తాయా అని మొదటి ప్రశ్న వస్తుంది. రావు. మాలిబ్డినం కోసం తవ్వే గనుల్లో కూడా టన్ను రాయికి ఒకటి రెండు కిలోల లోహమే ఉంటుంది, రోజుకు వేల టన్నులు తవ్వితేనే ఆ లెక్క గిట్టుబాటవుతుంది. చేతిలో ఉన్న ముక్కకు సేకరణ విలువే. రైస్ పుల్లింగ్, ఇరిడియం చెంబు పేర్లతో మన దగ్గర ఎంతమంది మునిగారో చూశాం, "అరుదైన లోహం, ఫారిన్ పార్టీ ఉంది" అని ఫోన్ వస్తే పెట్టేయండి.

శాస్త్రానికి మాత్రం చిన్న ముక్క కూడా పనికొస్తుంది. మాలిబ్డినైట్‌లో రీనియం అనే లోహం కొద్ది కొద్దిగా దాగి ఉంటుంది. జర్మనీలో వాల్టర్ నోడాక్, ఇడా టాకె, ఒట్టో బెర్గ్ 1925లో ఈ మూలకాన్ని గుర్తించారు. ఆ తర్వాత 660 కిలోల మాలిబ్డినైట్ నుంచి వాళ్లకు దక్కింది ఒక గ్రాము. ఇప్పుడది జెట్ ఇంజన్ల బ్లేడ్లలో వాడే మిశ్రమ లోహాల్లో ఉంటుంది. రీనియంలో ఒక రకం పరమాణువులు సుమారు 4,160 కోట్ల ఏళ్ల అర్ధాయువుతో ఆస్మియంగా మారిపోతాయి. మాలిబ్డినైట్ పుట్టేటప్పుడు రీనియాన్ని లోనికి రానిస్తుంది, ఆస్మియాన్ని దాదాపు రానివ్వదు. కాబట్టి లోపల దొరికిన ఆస్మియం అంతా తర్వాత పుట్టిందే, దాన్ని కొలిస్తే ఖనిజం వయసు తెలిసిపోతుంది. మలంజ్‌ఖండ్ మాలిబ్డినైట్ వయసు దాదాపు 249 కోట్ల ఏళ్లని తేలింది ఇలాగే.

రీనియమే మాలిబ్డినం స్థానంలో కూర్చున్న గంధక ఖనిజం కూడా ఒకటుంది, రీనియైట్. కురిల్ దీవుల్లో కుద్రియావి అనే అగ్నిపర్వతం నోట, పొగలు వచ్చే పగుళ్ల దగ్గర దొరికింది. చూడటానికి మాలిబ్డినైట్‌లాగే ఉంటుంది. అరుదైన ఖనిజం అంటే అదీ. మీ ముక్క అదేమోనని ఆశపడనక్కర్లేదు.

ముక్కను దూదిలో పెట్టొద్దు, రేకుల మధ్య పోగులు ఇరుక్కుని పొరలు లేచిపోతాయి. మెత్తటి కాగితంలో మడిచి గట్టి డబ్బాలో పెట్టండి. దొరికిన చోటు (ఫోన్ చూపించే అక్షాంశ రేఖాంశాలతో), తేదీ, చుట్టూ ఉన్న రాయి ఏమిటి, పొడి బరువు, నీళ్లలో అంకె ఒక చీటీ మీద రాసి ముక్కతో పాటే ఉంచండి. చోటు రాయని ఖనిజాన్ని ఏ శాస్త్రవేత్తా ముట్టుకోడు. పైరైట్ ఉన్న ముక్కలను విడిగా దాచండి. వానాకాలం తేమకు పైరైట్ చెడిపోయి ఆమ్లం ఊరుతుంది, పక్కనున్న చీటీలనూ డబ్బానూ తినేస్తుంది. సిలికా జెల్ ప్యాకెట్లు వేసి, దసరా దాకా నెలకోసారి మారుస్తూ ఉండండి.